రాంచ్ ముందా, రాజకీయం ముందా?

1979 ఫిబ్రవరి మొదటి వారంలో వాషింగ్టన్ నగరంలోకి ట్రాక్టర్లు దిగాయి. వేల మంది రైతులు వందల మైళ్ల దూరం నుంచి, రోజుల తరబడి హైవేల మీద ట్రాక్టర్లు నడుపుకుంటూ వచ్చారు. పొద్దున్నే ఆఫీసులకు బయల్దేరిన కార్లు ఎక్కడివక్కడ ఆగిపోయాయి. పోలీసులు ఉపాయంగా ఆ ట్రాక్టర్లను నేషనల్ మాల్‌లోకి మళ్లించారు. మాల్ అంటే షాపింగ్ మాల్ కాదు, పార్లమెంటు భవనం ముందుండే పెద్ద మైదానం. చుట్టూ బస్సులూ చెత్త లారీలూ అడ్డం పెట్టి దిగ్బంధం చేశారు. రైతులు అడిగింది గిట్టుబాటు ధర. వాళ్ల భాషలో ‘పారిటీ’. 1910-14 నాటి ధరలతో పోల్చి, అప్పట్లో ఒక బస్తా అమ్మితే వచ్చిన కొనుగోలు శక్తి ఇప్పుడూ రావాలనే లెక్క. రెండు వారాలు తిరక్కుండానే నగరం మీద భారీగా మంచు కురిసింది. రోడ్లన్నీ మూసుకుపోయాయి. అప్పుడు డాక్టర్లనూ నర్సులనూ ఆసుపత్రులకు చేర్చిందీ, మంచులో కూరుకుపోయిన కార్లను బయటికి లాగిందీ ఆ ట్రాక్టర్లే. అంతకు ముందు రోజు దాకా తిట్టుకున్న నగరవాసులు టీలూ కాఫీలూ ఇచ్చి ఉంటారని నా ఊహ.

ఇంతకీ అప్పుడు వైట్‌హౌస్‌లో ఉన్నది ఎవరు? జిమ్మీ కార్టర్. జార్జియా రాష్ట్రంలో ప్లెయిన్స్ అనే చిన్న ఊళ్లో వేరుశనగ పండించి, చుట్టుపక్కల రైతులకు విత్తనాలూ ఎరువులూ అమ్మి, గోదాము నడిపిన మనిషి. ఆయన ప్రచారానికి గుర్తుగా నిలిచిందే పల్లీకాయ. అలాంటి రైతు అధ్యక్షుడి గుమ్మం ముందే రైతులు ధర్నాకు దిగారు.

అమెరికా నాయకుల పొలాల కథ వింటే మొదట వచ్చే అనుమానం ఇదే. టోపీ పెట్టుకుని, గుర్రమెక్కి, గడ్డి కోసి ఫొటోలు దిగని అధ్యక్షుడు అక్కడ అరుదు. మరి అందులో బతుకెంత, వేషమెంత? మనకూ ఇది తెలియని సంగతి కాదు. ఎన్నికల అఫిడవిట్‌లో వృత్తి అన్న చోట ‘వ్యవసాయం’ అని రాసే కోటీశ్వరులను చూస్తూనే ఉన్నాం. ప్రతి పార్టీలోనూ ‘రైతుబిడ్డ’లే. ‘ఫామ్‌హౌస్’ అన్న మాట తెలంగాణలో ఏకంగా తిట్టుగానే మారింది. అమెరికా చిక్కుముడి విప్పడానికి నాకు ఒక ప్రశ్న బాగా పనికొచ్చింది. డబ్బు ఎటు నుంచి ఎటు పారింది? పొలం ఆ మనిషిని పోషించిందా, ఆ మనిషి పొలాన్ని పోషించాడా?

ముందు మూడు మాటలు వేరు చేసుకోవాలి. ప్లాంటేషన్ అంటే బానిసల చేత పొగాకో పత్తో పండించిన దక్షిణాది ఎస్టేట్. ఫామ్ అంటే దున్ని పండించే పొలం. రాంచ్ అంటే పశువులు మేపే బీడు, ఎక్కువగా పశ్చిమాదిన. మూడింటినీ ‘పల్లె జీవితం’ అని ఒకే గాటన కట్టేస్తే ఏదీ అర్థం కాదు.

మొదటి అధ్యక్షుడు జార్జి వాషింగ్టన్‌ది ప్లాంటేషన్. వర్జీనియాలో మౌంట్ వెర్నన్ అనే చోట ఐదు పొలాలు, దగ్గర దగ్గర 8,000 ఎకరాలు. ఆయన పేరుకి జమీందారు కాదు, వ్యవసాయం మీద నిజంగా పిచ్చి ఉన్నవాడు. పొగాకు భూమిని పీల్చేస్తోందని 1760ల్లోనే గోధుమకు మారాడు. స్పెయిన్ రాజు పంపిన మగ గాడిదతో కంచరగాడిదలను పుట్టించాడు. గోధుమలు నూర్చడానికి పదహారు పలకల కొట్టం కట్టించాడు. పై అంతస్తులో గుర్రాలు గుండ్రంగా తిరుగుతూ తొక్కితే గింజలు నేల చెక్కల సందుల్లోంచి కింది అంతస్తులోకి రాలతాయి. మన కళ్లంలో ఎడ్లు తిరిగినట్టే, కాకపోతే పైకప్పు కింద. యుద్ధం గెలిచి, సైన్యాన్ని వదిలేసి నేరుగా పొలానికి వెళ్లిపోయాడని జనం ఆయన్ని పాత రోము వీరుడు సిన్సినాటస్‌తో పోల్చారు. నాగలి వదిలి కత్తి పట్టి, పని కాగానే మళ్లీ నాగలి పట్టిన మనిషి సిన్సినాటస్. అమెరికా రాజకీయాల్లో ‘పొలానికి తిరిగి వెళ్లే నాయకుడు’ అన్న ఆదర్శం ఇక్కడి నుంచే పాతుకుంది. అయితే మౌంట్ వెర్నన్‌లో నాగలి పట్టింది ఎవరు? 1799లో వాషింగ్టన్ చనిపోయేనాటికి అక్కడ 317 మంది బానిసలున్నారు. ఆదర్శం ఆయనది, అరచేతుల కాయలు వాళ్లవి.

పేదరికం కూడా ఓట్లు తెస్తుందని పార్టీలకు అర్థమైంది 1840లో. విలియం హెన్రీ హారిసన్ పోటీ చేస్తుంటే, ఆయనకు పెన్షనూ ఒక పీపా సైడర్ సారాయీ ఇస్తే దుంగల గుడిసెలో కూర్చుని హాయిగా కాలం గడుపుతాడని ప్రత్యర్థి పత్రిక ఎగతాళి చేసింది. ఆయన పార్టీవాళ్లు ఆ ఎగతాళినే జెండాగా ఎత్తుకున్నారు. ఊరేగింపుల్లో దుంగల గుడిసెల నమూనాలు, పీపాల కొద్దీ సైడర్. నిజానికి హారిసన్ పుట్టింది వర్జీనియాలోని బర్క్‌లీ ప్లాంటేషన్ భవనంలో. తండ్రి ఆ రాష్ట్ర గవర్నర్‌గా చేసినవాడు, స్వాతంత్ర్య ప్రకటన మీద సంతకం పెట్టినవాడు. హారిసన్ గెలిచాడు. గుడిసె ఇమేజికి ఆ తర్వాత తిరుగులేకుండా పోయింది.

నిజంగా గుడిసెలో పుట్టిన లింకన్ సంగతి దీనికి పూర్తిగా ఎదురు. ఆయనకు పొలం పనంటే గిట్టదు. కుర్రతనంలో తండ్రి చెప్పిన చోటల్లా చెట్లు నరికి, కంచె కర్రలు చీల్చి, ఆ బతుకు నుంచి ఎప్పుడు బయటపడదామా అని చూసిన మనిషి. 1860లో ఇల్లినాయ్ పార్టీ సభలోకి ఆయన బంధువు జాన్ హ్యాంక్స్ రెండు కంచె కర్రలు మోసుకొచ్చి, ఇవి లింకన్ చీల్చినవేనని చూపించాడు. సభ ఊగిపోయింది. రైల్వే కంపెనీల కేసులు వాదించే పేరున్న లాయరు ఆ పూటతో ‘కర్రలు చీల్చిన అబ్రహాం’ అయిపోయాడు. కానీ పొలం వదిలి పారిపోయిన ఈ మనిషే 1862లో రెండు నెలల వ్యవధిలో మూడు చట్టాల మీద సంతకం పెట్టాడు: వ్యవసాయ శాఖ ఏర్పాటు, దున్నుకునేవాడికి 160 ఎకరాలిచ్చే హోమ్‌స్టెడ్ చట్టం, వ్యవసాయ కళాశాలలకు భూములిచ్చే మోరిల్ చట్టం. ఆ 160 ఎకరాలు అంతకు ముందు ఎవరివి అన్నది ఆదివాసీ తెగలను అడగాల్సిన ప్రశ్న. ఏదేమైనా రైతు జీవితాన్ని ఇంతగా మార్చిన అధ్యక్షుడు మరొకరు దొరకరు. పొలాన్ని ప్రేమించడానికీ రైతుకు పనికిరావడానికీ సంబంధం ఉండి తీరాలని లేదు.

ఇక కౌబాయ్ వేషానికి ఆద్యుడు థియొడోర్ రూజ్వెల్ట్. న్యూయార్క్ సంపన్నుల బిడ్డ. 1883లో అడవిదున్నల వేటకని డకోటా బ్యాడ్‌లాండ్స్‌కు వెళ్లి, అక్కడి గాలి నచ్చి, 14,000 డాలర్లు పెట్టి పశువుల వ్యాపారంలో దిగాడు. 1884 ఫిబ్రవరి 14న ఒకే ఇంట్లో, ఒకే రోజు తల్లీ భార్యా చనిపోయారు. భార్యకు కాన్పయి రెండు రోజులే. ఆ దుఃఖం మోసుకుని ఆయన మళ్లీ డకోటా చేరి, ఎల్క్‌హార్న్ అనే రెండో రాంచ్ పెట్టాడు. కళ్లద్దాల పట్నం బాబును చూసి మొదట్లో అక్కడివాళ్లు నవ్వుకున్నారు. రోజుల తరబడి గుర్రం దిగకుండా మంద వెంట తిరగడం చూశాక ఆ నవ్వు ఆగింది.

అప్పటి ఫొటో ఒకటి చాలా ప్రసిద్ధం. జింక తోలు చొక్కా, చేతిలో తుపాకీ, నడుముకు కత్తి, వెనక చెట్టూ చేమా. తీసింది డకోటాలో కాదు, న్యూయార్క్‌లోని స్టూడియోలో. ఆ కత్తి టిఫానీ నగల కంపెనీవాళ్లు వెండి పిడితో చేసిచ్చింది. మన పాత స్టూడియోల్లో తాజ్‌మహల్ తెర ముందు దిగిన ఫొటోలు గుర్తొస్తాయి. అంతమాత్రాన అంతా వేషమే అనడానికి వీల్లేదు. 1886-87 చలికాలం ఆ ప్రాంతం మీద విరుచుకుపడింది. ఎండాకాలంలోనే గడ్డి మాడిపోయింది, పైన మంచు గట్టిపడి పశువులకు మేత అందలేదు. వసంతం వచ్చి మంచు కరిగాక లోయల నిండా కళేబరాలే. రూజ్వెల్ట్ మందలో సగానికి పైగా పోయింది. డబ్బూ పోయింది.

ఇక్కడ జనం పట్టించుకోని సంగతి ఒకటుంది. ఆ రెండు రాంచ్‌ల భూమికి రూజ్వెల్ట్ దగ్గర పట్టా లేదు. అది ప్రభుత్వ భూమి. అందరూ పశువులను తోలేవారు, ఎవరికి దొరికినంత వాళ్లు మేపేవారు. అందరి భూమి అంటే ఎవరూ పట్టించుకోని భూమి అని, మితిమీరి మేపితే ఏమవుతుందో ఆ చలికాలం ఆయనకు చూపించింది. అధ్యక్షుడయ్యాక దాదాపు 23 కోట్ల ఎకరాల ప్రభుత్వ భూమిని అడవులుగా, పార్కులుగా, అభయారణ్యాలుగా రక్షణలోకి తెచ్చాడు. డకోటా లేకపోతే తాను అధ్యక్షుణ్ణే కాకపోదునని ఆయనే చెప్పుకున్నాడు. మంద పోయింది గానీ అక్కడ నేర్చుకున్నది మిగిలింది.

కూలిజ్‌ను ఎక్కువసేపు తలుచుకోనక్కర్లేదు. 1923లో అర్ధరాత్రి దాటాక తండ్రి ఇంట్లో, కిరోసిన్ దీపం వెలుతురులో ప్రమాణం చేసిన పల్లెటూరి అధ్యక్షుడిగా పేరు తెచ్చుకున్నాడు. గడ్డి కోస్తూ ఫొటోలు దిగాడు. మిగులు పంటను ప్రభుత్వం కొని విదేశాల్లో అమ్మాలన్న బిల్లును మాత్రం 1927లో ఒకసారి, 1928లో మరోసారి వీటో చేశాడు.

నిజంగా అరక దున్నిన మనిషి హారీ ట్రూమన్. 1906 నుంచి 1917 దాకా, పదకొండేళ్లు, మిస్సోరీలో గ్రాండ్‌వ్యూ దగ్గర 600 ఎకరాల సొంత కుటుంబ పొలంలో పనిచేశాడు. జాక్సన్ కౌంటీలో మా అబ్బాయంత తిన్నగా సాలు తోలేవాడు లేడని తల్లి చెప్పుకునేది. ఆ పొలమే 1940లో అప్పు కింద జప్తయింది. అప్పటికి కొడుకు సెనేటర్. ఎనభై ఏళ్లు దాటిన తల్లి ఆ ఇల్లు ఖాళీ చేయాల్సి వచ్చింది. అధికారంలో ఉన్న నాయకుడి పొలం అప్పులకు పోవడం మన దగ్గర ఊహించగలమా?

1948 ఎన్నికల్లో అందరూ ఆయన ఓడిపోతాడనే అన్నారు. సెప్టెంబర్‌లో అయోవాలోని డెక్స్‌టర్‌లో దుక్కి పోటీలు జరుగుతుంటే వెళ్లి, ప్రత్యర్థులైన రిపబ్లికన్ల చేతిలో ఉన్న కాంగ్రెస్, అంటే అక్కడి పార్లమెంటు, రైతు వెన్నులో పంగల కర్ర గుచ్చిందని ప్రసంగించాడు. దాని వెనకాల ఉన్నది గోదాముల గొడవ. ప్రభుత్వం ఇచ్చే మద్దతు ధర అందాలంటే మొక్కజొన్నను లెక్క ప్రకారం నిల్వ చేయాలి. కొత్త గోదాములు కట్టకుండా కాంగ్రెస్ చట్టంలో మెలిక పెట్టింది. ఆ ఏడు పంట విరగపండింది. పెట్టుకోవడానికి చోటు లేక, కొనేవాడు అడిగిన ధరకే రైతు అమ్ముకోవాల్సి వచ్చింది. ధాన్యం తడుస్తుంటే కొనుగోలు కేంద్రం దగ్గర కాపలా కాసే మన రైతుకు ఇది విడమర్చి చెప్పనక్కర్లేదు. సాలు తోలినవాడు కాబట్టి ట్రూమన్ ఈ చిన్న మెలికను పట్టుకుని, జనానికి అర్థమయ్యేలా చెప్పాడు. అయోవా, ఇల్లినాయ్, ఒహాయో ఆయనవైపు వచ్చాయి. నాకు తెలిసి పొలం అనుభవం నేరుగా ఓట్లుగా మారిన సందర్భం ఇదే.

లిండన్ జాన్సన్ దగ్గరికి వచ్చేసరికి డబ్బు పారే దిక్కు మారింది. టెక్సాస్‌లో పెడర్నాలిస్ నది ఒడ్డున పుట్టాడు. కరెంటు లేని ఊళ్లు, బావి నుంచి నీళ్లు తోడి నడుములు వంగిపోయిన ఆడవాళ్లు. కుర్ర ఎంపీగా ఉన్నప్పుడు వెంటపడి మరీ ఆ ప్రాంతానికి కరెంటు తెప్పించాడు. 1951లో, సెనేటర్ అయ్యాక, మేనత్త దగ్గర అక్కడి పాత ఇల్లూ భూమీ తీసుకున్నాడు. అప్పటికే భార్య పేరున రేడియో స్టేషన్ ఉంది, డబ్బుంది. అధ్యక్షుడిగా మొత్తం కాలంలో నాలుగో వంతు ఆ రాంచ్‌లోనే గడిపాడు. రన్‌వే వేయించాడు. ఎక్కడ కూర్చుంటే అక్కడ ఫోను. నీళ్లలోనూ నడిచే నీలం కారొకటి ఉండేది. అతిథులను ఎక్కించుకుని, చెరువు గట్టు దిగుతూ బ్రేకులు పడటం లేదని అరిచేవాడు. వాళ్లు హడలి చస్తుంటే కారు తాపీగా నీళ్ల మీద తేలేది.

ఈ రాంచ్ మనిషికీ మనకూ ఒక గట్టి ముడి ఉంది. 1965, 66 ఏళ్లలో వర్షాలు మొహం చాటేశాయి. అమెరికా పి.ఎల్. 480 చట్టం కింద పంపే గోధుమల మీదే మన రేషన్ దుకాణాలు నడిచాయి. ఆ చట్టాన్ని తెచ్చింది 1954లో, పేరుకు సాయం, అసలు సంగతి అక్కడి రైతుల మిగులు పంట వదిలించుకోవడం. కూలిజ్ వద్దన్న ఆలోచనే మరో రూపంలో తిరిగొచ్చిందన్నమాట. జాన్సన్ ఏడాదికి సరిపడా ఒప్పందం చేయకుండా నెలకింత, రెండు నెలలకింత అని ఓడలు వదిలాడు. ఇండియాలో ఏ జిల్లాలో వాన పడిందో, ఎక్కడ పడలేదో రోజూ చూసేవాడినని తర్వాత తన జ్ఞాపకాల్లో రాసుకున్నాడు. మీ వ్యవసాయం మీద మీరు ఖర్చు పెట్టండి, అప్పుడు పంపుతాం అన్నది పైకి చెప్పిన మాట. 1965 నవంబర్‌లో రోమ్‌లో మన వ్యవసాయ మంత్రి సి. సుబ్రమణ్యం, అమెరికా మంత్రి ఆర్విల్ ఫ్రీమన్ ఒప్పందానికి వచ్చారు కూడా. వియత్నాం యుద్ధాన్ని ఇండియా విమర్శించడం మీద కోపమూ అందులో ఉంది. మంద ఎక్కడికి పోవాలో తాడు చివర పట్టుకుని నడిపించే పశువుల కాపరి పద్ధతి అది. ఆ ఏళ్లలో బడుల్లో పెట్టిన గోధుమ నూక ఉప్మా, పాలపొడి పాలు గుర్తున్న పెద్దవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. మన పొలం గట్ల మీద పీకినకొద్దీ మొలిచే వయ్యారిభామ కూడా ఆ గోధుమల వెంటే వచ్చిందంటారు.

రేగన్ కథలో ఫామ్‌కూ రాంచ్‌కూ తేడా పచ్చిగా బయటపడుతుంది. కాలిఫోర్నియాలో శాంటా బార్బరా కొండల మీద 688 ఎకరాలు 1974లో కొన్నాడు. మట్టి ఇటుకల చిన్న ఇల్లు. కంచె తానే వేసుకునేవాడు, కట్టెలు తానే కొట్టేవాడు, గుర్రపు స్వారీ అద్భుతంగా చేసేవాడు. అందులో నటన లేదనే నా అభిప్రాయం. కానీ ఆ రాంచ్ ఆయన్ని పోషించలేదు, ఆయనే దాన్ని పోషించాడు. 1980ల్లో వడ్డీలు పెరిగి, భూమి ధరలు పడిపోయి, మధ్య పశ్చిమ రాష్ట్రాల్లో వేలాది కుటుంబాల పొలాలు వేలానికొచ్చాయి. 1985 మార్చిలో రైతులకు అత్యవసర రుణాలిచ్చే బిల్లును రేగన్ వీటో చేశాడు. మరుసటి ఏడాది ఫిబ్రవరిలో ప్రభుత్వ భూముల్లో పశువులు మేపుకునే రుసుము మీద ఉత్తర్వు ఇచ్చాడు. ఆవూ దూడా నెల రోజులు మేస్తే కట్టాల్సింది 1.35 డాలర్లకు తగ్గదు. వినడానికి ఇది కనీస రుసుము. ఆచరణలో 2019 నుంచి 2025 దాకా ఏటా వసూలైంది సరిగ్గా ఆ 1.35 డాలర్లే. ప్రైవేటు భూమిలో మేపితే దానికి ఎన్నో రెట్లు. దుక్కి దున్నే రైతుకు మార్కెట్ సూత్రం, మంద ఉన్నవాడికి ప్రభుత్వ గడ్డి. ఇద్దరి తలల మీదా ఉన్నది ఒకే రకం టోపీ కావచ్చు.

జార్జి డబ్ల్యూ. బుష్ టెక్సాస్‌లో క్రాఫర్డ్ దగ్గర 1,583 ఎకరాలు కొన్నది 1999లో, అధ్యక్ష పదవికి పోటీ చేస్తూ. అంతకు ముందు అది ఒక కుటుంబం పందులు పెంచిన పొలం. సెలవుల్లో రంపం పట్టి తుప్పలు నరికేవాడు, పుతిన్‌నూ సౌదీ యువరాజునూ అక్కడికే పిలిచాడు. పదవి దిగగానే డల్లాస్‌లో ఇంటికి మారిపోయాడు. 2006 మార్చి 3న హైదరాబాద్ వచ్చినప్పుడు రాజేంద్రనగర్‌లోని ఆచార్య ఎన్.జి. రంగా వ్యవసాయ విశ్వవిద్యాలయానికి వెళ్లి రైతుల స్టాళ్లు చూశాడు.

ఇప్పుడు అమెరికాలో వ్యవసాయం మీద బతికేవాళ్లు రెండు శాతం కూడా లేరు. అయినా టోపీ పోలేదంటే కారణం సెంటిమెంటు ఒక్కటే కాదు. ఆరు లక్షల జనం కూడా లేని వయోమింగ్‌కు ఇద్దరు సెనేటర్లు, దాదాపు నాలుగు కోట్ల కాలిఫోర్నియాకూ ఇద్దరే. పైగా వ్యవసాయ భూమి అంటే పన్ను తక్కువ. న్యూజెర్సీలోని గోల్ఫ్ కోర్సులో ట్రంప్ మేకలు పెంచి, గడ్డి కోయించి పన్ను తగ్గించుకున్నారని పత్రికలు రాశాయి. చట్టం ఒప్పుకున్న పనే. వ్యవసాయ ఆదాయానికి పన్ను లేని దేశంలో ఉండి మనం ఆశ్చర్యపోవడం బాగుండదు. 2014లో జోనీ ఎర్న్‌స్ట్ ‘అయోవా పొలంలో మగ పందులకు వృషణాలు కోస్తూ పెరిగాను, వాషింగ్టన్‌లో ఖర్చులు కోయడం నాకు తెలుసు’ అని ప్రకటన వేసి సెనేట్‌కు గెలిచింది. మోంటానా సెనేటర్‌గా చేసిన జాన్ టెస్టర్‌ది ఇంకో రకం. తొమ్మిదేళ్లప్పుడు ఇంట్లో మాంసం కొట్టే యంత్రంలో ఎడమ చేతి మూడు వేళ్లు పోయాయి. సెనేటర్‌గా ఉంటూనే తన పొలం తాను దున్నుకున్నాడు. 2024లో ఆ చెయ్యి కూడా ఆయన్ని గెలిపించలేదు.

మళ్లీ కార్టర్ దగ్గరికి. 1953లో తండ్రి చనిపోతే నేవీ ఉద్యోగం వదిలి ఊరికొచ్చాడు. మరుసటి ఏడు కరువు. లాభం రెండు వందల డాలర్లు కూడా రాలేదు. పేదల కోసం ప్రభుత్వం కట్టించిన ఇంట్లో కాపురం. అక్కడి నుంచి గోదాము వ్యాపారం పైకి తెచ్చాడు. అధ్యక్షుడయ్యాక అనుమానాలకు తావివ్వకూడదని ఆ వ్యాపారాన్ని ట్రస్టు చేతికిచ్చి, అందులో వేలు పెట్టనన్నాడు. 1980 జనవరిలో, సోవియట్ సేనలు అఫ్గానిస్తాన్‌లో దిగినందుకు, ఆ దేశానికి వెళ్లాల్సిన 1.7 కోట్ల టన్నుల ధాన్యం ఆపేశాడు. ట్రాక్టర్లెక్కి వచ్చిన రైతులకు అది పుండు మీద కారం. నవంబర్‌లో ఓడిపోయి ఊరికెళ్లి చూసుకుంటే వ్యాపారం పది లక్షల డాలర్ల అప్పులో ఉంది. గోదాము అమ్మేశాడు. పొలం పోషించిన మనిషి పదవిలోకి వెళ్లొచ్చి పొలానికే నష్టం తెచ్చుకున్న కథ ఇది. అందుకే ఈ జాబితాలో నాకు ఎక్కువ గురి ఆయన మీదే.

ఆయన పెరిగింది ప్లెయిన్స్ పక్కన ఆర్చరీ అనే పల్లెలో. ఐదేళ్లకే తండ్రి చేలో పల్లీలు పీకి, ఉడకబెట్టి, ఊళ్లో వీధుల వెంట అమ్మాడు. అనంతపురం వైపు పిల్లలకు ఇది కథలా కూడా అనిపించదు. ఆ చేలో పనిచేసిన కూలీలు దాదాపు అందరూ నల్లజాతివాళ్లు. తెల్లవారుజామున చీకటి ఉండగానే వాళ్లను లేపడానికి పెరట్లో ఒక పెద్ద గంట ఉండేది. 2025 జనవరి 4న కార్టర్ అంతిమయాత్ర ఆ ఇంటి ముందు కాసేపు ఆగింది. 39వ అధ్యక్షుడు కాబట్టి, ఇప్పుడు ఆ ఇంటిని చూసుకునే నేషనల్ పార్కు ఉద్యోగులు ఆ గంటను 39 సార్లు మోగించారు.